తొంభై నిమిషాల్లో తొంభై ప్రశ్నలు



"కుట్టుమిషన్ ఇప్పిస్తే ఆ ఇంట్లో నాలుగు రూపాయలు కనబడతాయి. ఈ రీజనింగ్ క్లాసు వల్ల ఏం కనబడుతుంది?" అని నిరుడు ఒక దాత మమ్మల్ని అడిగారు. అడగవలసిన ప్రశ్నే. కష్టార్జితంలోంచి తీసి ఇచ్చేవారికి ఆ డబ్బు ఎటు పోతోందో తెలియాలి. ఆయనకు ఆరోజు క్లుప్తంగా చెప్పిన జవాబును ఇక్కడ వివరంగా రాస్తున్నాం.

మన ఆదివారం క్లాసుకు వచ్చే పిల్లల్లో ఎక్కువమంది ఎనిమిదో తరగతి వాళ్లు. తండ్రుల్లో టైలర్లు, మెకానిక్‌లు, తోపుడుబండి మీద పండ్లు అమ్మేవారు ఉన్నారు. ఎనిమిది దాటాక ఇలాంటి ఇళ్లలో ఒక లెక్క మొదలవుతుంది. అబ్బాయి షెడ్డుకు వెళితే ఎంత తెస్తాడు, అమ్మాయి ఇంటిపట్టున ఉంటే ఎంత మిగులుతుంది అని. సరిగ్గా ఈ మలుపులో చదువు ఆగకూడదనే కేంద్ర ప్రభుత్వం 2008లో నేషనల్ మీన్స్ కమ్ మెరిట్ స్కాలర్‌షిప్ పథకం తెచ్చింది. పిల్లలు దీన్ని ఎన్.ఎం.ఎం.ఎస్. అంటారు. ప్రభుత్వ, స్థానిక సంస్థల, ఎయిడెడ్ బడుల్లో ఎనిమిది చదువుతూ, తల్లిదండ్రుల ఆదాయం ఏడాదికి 3,50,000 రూపాయలు మించని పిల్లలు రాయవచ్చు. ఎంపికైతే తొమ్మిది నుంచి ఇంటర్ రెండో సంవత్సరం వరకు ఏటా 12,000 రూపాయలు, నాలుగేళ్లకు 48,000 వస్తాయి. నెలకు వెయ్యి రూపాయలు పెద్ద మొత్తం కాదనిపించవచ్చు. కానీ "ఈ పిల్ల చదువు మానేస్తే ఏం?" అన్న మాట ఇంట్లో వచ్చినప్పుడు ఆ వెయ్యి ఆమె పక్షాన నిలబడుతుంది.

పరీక్షలో రెండు భాగాలు. ఒకటి మేధాశక్తి పరీక్ష, అంటే రీజనింగ్. రెండోది ఏడు, ఎనిమిది తరగతుల పాఠాలు. ఒక్కో భాగానికి 90 ప్రశ్నలు, 90 నిమిషాలు. పాఠాలు బడిలో ఎలాగూ చెబుతారు. రీజనింగ్‌కు మాత్రం బడిలో పీరియడ్ లేదు. డబ్బున్న ఇళ్లలో పిల్లలు చిన్నప్పటినుంచీ పజిల్ పుస్తకాలు చూస్తారు, కోచింగ్‌కు వెళతారు. మన పిల్లలు అలాంటి ప్రశ్నను మొట్టమొదట పరీక్ష హాల్లోనే చూస్తారు. వాళ్లకు లేనిది తెలివి కాదు, అలవాటు. ఈ వ్యాసంలో మేము ముఖ్యంగా చెప్పదలచుకున్నది ఇదే.

క్లాసు ఎలా జరుగుతుందో చూడండి. "ఒక వరుసలో ఒకడు ఎడమ నుంచి 7వ వాడు, కుడి నుంచి 12వ వాడు. వరుసలో మొత్తం ఎంతమంది?" పిల్లలు వెంటనే 19 అంటారు. అప్పుడు "నమాజులో సఫ్ గుర్తు తెచ్చుకోండి" అంటాం. ఎడమ నుంచి లెక్కపెట్టినప్పుడు వాడు ఉన్నాడు, కుడి నుంచి లెక్కపెట్టినప్పుడూ ఉన్నాడు. ఒకే మనిషిని రెండుసార్లు లెక్కపెట్టాం, కాబట్టి ఒకటి తీసేయాలి, 18. సూత్రం బట్టీ పెట్టించిన దానికంటే ఇది గట్టిగా నిలుస్తుంది.

కాగితాన్ని రెండుసార్లు మడిచి ఒక రంధ్రం చేస్తే, విప్పాక ఎన్ని రంధ్రాలు, ఎక్కడెక్కడ ఉంటాయి అనేది ఇంకో రకం. పుస్తకం చూసి తికమకపడ్డ పిల్లలకు పాత న్యూస్‌పేపరు, కత్తెర ఇచ్చాం. గుడ్డను మడతపెట్టి మెడ కత్తిరించడం రోజూ చూసే టైలరు కొడుకు అందరికంటే ముందు నాలుగు రంధ్రాలనీ, అవి ఎక్కడ పడతాయో కూడా చెప్పాడు. తండ్రి పనిలో ఇంత లెక్క ఉందని ఆ పిల్లవాడికి ఆరోజే తెలిసింది.

బంధుత్వాల ప్రశ్నల్లో చిక్కు భాషతో వస్తుంది. ఇంట్లో ఉర్దూ, బడిలో తెలుగు, పుస్తకంలో ఇంగ్లీషు. ఇంగ్లీషులో 'అంకుల్' అంటే ఎవరైనా కావచ్చు. మన ఇంట్లో చాచా వేరు, మామూ వేరు, ఖాలూ వేరు, ఫూఫా వేరు. అందుకే ముందు ప్రశ్నను ఇంటి మాటల్లోకి మార్చుకోమంటాం. "తల్లి సోదరుని తండ్రి" అంటే బుర్ర గోక్కున్న అమ్మాయి, "మామూకు అబ్బా" అనగానే "నానా!" అని అరిచింది.

చివరి రెండు నెలలు గడియారం పెట్టి పాత ప్రశ్నపత్రాలు రాయిస్తాం. ఒక ప్రశ్నకు ఒక నిమిషం. రాకపోతే గుర్తుపెట్టి ముందుకు పోవాలి. తప్పుకు మార్కులు కోయరు కాబట్టి చివరికి ఏదీ ఖాళీగా వదలకూడదు. పేపరు దిద్దాక "ఎన్ని వచ్చాయి?" అని కాదు, "ఎలా చేశావు?" అని అడుగుతాం. తప్పు ఎక్కడ పుట్టిందో ఆ జవాబులో దొరుకుతుంది.

లెక్కల మీద ఇష్టం ఎక్కువ ఉన్న ఇద్దరు ముగ్గురికి మరో దారి కూడా చూపిస్తున్నాం. అది గణిత ఒలింపియాడ్. దాని మొదటి మెట్టులో 30 ప్రశ్నలకు మూడు గంటలు. అక్కడ వేగం కాదు, ఓపిక కావాలి. "ఈద్ నమాజు తర్వాత పదిమంది ఒకరినొకరు ఒక్కసారి ఆలింగనం చేసుకుంటే మొత్తం ఎన్ని ఆలింగనాలు?" అని ఇస్తే అరగంట కొట్టుకున్నారు. ఒక్కొక్కరు తొమ్మిదిమందిని, పదిమందికి 90. కానీ ప్రతి ఆలింగనం ఇద్దరి లెక్కలోనూ పడింది, కాబట్టి 45. ఆడపిల్లకు ఇన్ని లెక్కలెందుకు అనే తల్లిదండ్రులకు ఇరాన్‌లో పుట్టిన మరియం మీర్జాఖానీ గురించి చెబుతాం. 1994, 1995లలో అంతర్జాతీయ గణిత ఒలింపియాడ్‌లో బంగారు పతకాలు గెలిచిన ఆమె, 2014లో ఫీల్డ్స్ మెడల్ అందుకున్న మొదటి మహిళ.

ఇక మా పొరపాటు ఒకటి దాచకుండా చెప్పాలి. మా క్లాసులో చదివి ఎంపికైన ఒక అమ్మాయికి మొదటి ఏడాది డబ్బు రాలేదు. బడి రికార్డులో పేరు ముందు 'షేక్' అని పూర్తిగా ఉంది, ఆధార్‌లో 'ఎస్.కె.' అని ఉంది, బ్యాంకు పుస్తకంలో అసలు లేనే లేదు. పరీక్ష గెలవడం నేర్పాం గానీ ఈ మూడూ పక్కపక్కన పెట్టి చూడలేదు. సరిచేయించేలోపు గడువు దాటిపోయింది. ఆ తల్లి మమ్మల్ని ఒక్క మాట అనలేదు. అందువల్లే ఇంకా బాధ. ఇప్పుడు క్లాసులో చేరిన మొదటి ఆదివారమే మూడు కాగితాలూ తెమ్మంటున్నాం. ఎంపికయ్యాక నేషనల్ స్కాలర్‌షిప్ పోర్టల్‌లో దరఖాస్తు, ఏటా రెన్యువల్ మేమే దగ్గరుండి చేయిస్తున్నాం. పదో తరగతిలో 60 శాతం మార్కులు వస్తేనే ఇంటర్‌లో స్కాలర్‌షిప్ కొనసాగుతుందని పిల్లలకు ముందే చెబుతున్నాం.

మీరిచ్చిన డబ్బు టీచరు గౌరవ వేతనానికి, జిరాక్సులకు, పరీక్ష రోజు ఆటో ఛార్జీలకు ఖర్చవుతోంది. దానికి తోడు ఈ ఏడాది మరొకటి అడుగుతున్నాం. మీ ఇంట్లో డిగ్రీయో ఇంజనీరింగో చదివే పిల్లలుంటే ఆదివారం రెండు గంటలు పంపండి. ఒకరు చెబుతుంటే ఇరవైమంది వింటారు. ఐదుగురు పక్కన కూర్చుంటే "ఎలా చేశావు?" అని ఇరవైమందినీ అడగవచ్చు.

ఆ అమ్మాయి ఇప్పుడు పదో తరగతి. రెండో ఏడాది నుంచి డబ్బు వస్తోంది. ఆదివారాలు చిన్నపిల్లలకు సఫ్ లెక్క తనే చెబుతోంది. ఆమె కోసం, ఈ పిల్లలందరి కోసం దుఆ చేయండి.