పీటర్ బ్రూక్ ప్రయోగములు : పరిహారము, భారతము

నాట్యశాస్త్రము చెప్పిన నాలుగు విధముల అభినయములలో ఆహార్యమునే అధికముగా నమ్ముకొనిన నాటకశాలలు 19వ శతాబ్దమున ఇంగ్లండులో వర్ధిల్లెను. ఆ వైభవపు నీడలోనే పని నేర్చి, క్రమముగా దానిని ఒక్కొక్కటిగా విడిచిన ప్రయోక్త పీటర్ బ్రూక్ (1925-2022). ఇతడు దేనిని విడిచెను, ఆ విడుపు ఎంతవరకు న్యాయము అను విషయమును ఇచ్చట పరిశీలింతుము. భారతకథను చేపట్టినవాడగుటచే ఇతడు మనకు పరాయివాడు కాడు.

లండనులో జన్మించి ఆక్స్‌ఫర్డులో చదివిన బ్రూక్, 1947లో, అనగా ఇరువది రెండవ ఏటనే, రాయల్ ఆపెరా హౌసున ప్రయోగనిర్వాహకుడయ్యెను. అచ్చట 1949లో ‘సలోమే’కు సాల్వడార్ డాలీచేత రంగాలంకరణము చేయించెను. ఆడంబరమునకు అది పరాకాష్ఠ.

1955లో స్ట్రాట్‌ఫర్డున ‘టైటస్ ఆండ్రానికస్’ను ప్రయోగించినప్పుడు మార్పు స్పష్టమైనది. చేతులు నరకబడిన లావినియా రంగమునకు వచ్చినపుడు నెత్తురు కనిపింపలేదు. ఎఱ్ఱని రిబ్బనులు మాత్రము వ్రేలాడెను. మన ఆలంకారికుల మాటలలో చెప్పవలెనన్న, వాచ్యమును వీడి వ్యంగ్యమును ఆశ్రయించుట ఇదియే. 1970 నాటి ‘ఎ మిడ్‌సమ్మర్ నైట్స్ డ్రీమ్’లో అడవి లేదు, మూడు తెల్లని గోడలు, ఊగు ఉయ్యెలలు, మాయాపుష్పమునకు బదులు కఱ్ఱపై తిరుగు పళ్లెము కలవు.

అలంకారమును తొలగించుట వేఱు, కవి వాక్కును తొలగించుట వేఱు. 1962లో ‘కింగ్ లియర్’ను ప్రదర్శించునపుడు, గ్లాస్టర్ కన్నులు పెకలింపబడిన పిమ్మట సేవకులు జాలిగొని ఉపచారము చేయ సిద్ధపడు ఘట్టమును బ్రూక్ పరిహరించెను. ప్రేక్షకునకు ఆ ఊరట దక్కలేదు. ప్రదర్శనము తీవ్రమైనదనుటలో సందియము లేదు. కాని షేక్‌స్పియర్ ఉంచిన కరుణ అచ్చట లోపించినదని మేము తలంతుము.

1970లో పారిస్ చేరి అంతర్జాతీయ నాటక పరిశోధన కేంద్రమును నెలకొల్పెను. 1974 నుండి పాడువడిన బూఫ్ దు నోర్ నాటకశాలను, గోడల మచ్చలు మాన్పకయే, నివాసము చేసికొనెను. ఆ కేంద్రపు నటులతో 1985లో ఆవిన్యోఁ చెంత రాతిగనిలో ‘మహాభారతము’ను తొమ్మిది గంటల నాటకముగా ప్రదర్శించెను. రచన జాఁ-క్లోద్ కారియేర్‌ది. వ్యాసుడు చెప్పగా గణేశుడు వ్రాయుచుండ, ఒక బాలుడు ప్రశ్నించుచుండును. ద్రౌపది మల్లికా సారాభాయి, ద్రోణుడు జపాను నటుడు యోషి ఓయిదా, భీష్ముడు ఆఫ్రికా నటుడు సోతిగి కుయాతె.

ఇందు గీతోపదేశము కొలది సంభాషణముగా కుదింపబడినది. కావ్యమును దాని సంస్కృతినుండి విడదీసిరని రుస్తుం భరూచా తీవ్రముగా విమర్శించెను. ఒక సంగతి మఱవరాదు: తిక్కనయు భీష్మపర్వమున గీతను మిక్కిలి సంగ్రహించెను. భేదమెక్కడ? తిక్కన శ్రోతలకు గీతాసంప్రదాయము వేఱుగా అందుబాటులో ఉండెను. విడిచినది వారి మనసున నిండును. పారిస్ ప్రేక్షకునకు ఆ ఆధారము లేదు. కనుక అదే పరిహారము ఒకచోట సంగ్రహమును, వేఱొకచోట లోపమును కాగలదు. భరూచా ఆక్షేపణమునకు బలమిచ్చటనే ఉన్నది.

2015లో బ్రూక్ మరల భారతమునకే వచ్చెను. ‘బ్యాటిల్‌ఫీల్డ్’ అను ఆ నాటకమున నలుగురు నటులు, ఒక వాద్యకారుడు మాత్రమే. యుద్ధము ముగిసినది, ధర్మరాజు రాజ్యము గెలిచియు దుఃఖించుచుండును, అంధుడైన ధృతరాష్ట్రుడు పుత్రులను తలచుచుండును.