పశువుల నడవడి – రేబీస్ వ్యాధి

పశువులు తమ బాధను మాటలతో చెప్పలేవు. వాటి నడవడియే వాటి భాష. కావుననే పశువైద్యుడు జంతువును తాకుటకు ముందే అది నిలుచు తీరును, చూచు చూపును, మేత ముట్టు విధమును పరిశీలించును. రేబీస్ విషయమున ఈ పరిశీలన మనుష్యుల ప్రాణములను సైతము కాపాడును.

ఢిల్లీ నగరమునందును, పరిసర పట్టణములందును గల వీథికుక్కలనన్నిటిని ఆశ్రయశాలలకు తరలింపవలెనని సుప్రీంకోర్టు 2025 ఆగస్టు 11వ తేదీన ఆజ్ఞాపించెను. ఆగస్టు 22వ తేదీన దానిని సవరించి, సంతాననిరోధక శస్త్రచికిత్స చేసి టీకాలు వేసిన కుక్కలను పట్టిన చోటనే విడువవలెననియు, రేబీస్ సోకిన వాటిని, సోకినట్లు అనుమానింపదగిన వాటిని, దూకుడు స్వభావము గల వాటిని మాత్రము విడువరాదనియు తెలిపెను. ఇట్టి నిర్ణయమునకు కుక్క నడవడిని గుర్తెరుగుట అత్యవసరము.

భయపడిన కుక్క తోక ముడుచును, చెవులు వెనుకకు వాల్చును, గుర్రుమని హెచ్చరించును. దారి దొరికినచో తొలగిపోవును. రేబీస్ సోకిన కుక్కకు స్వభావమే మారును. సాధువైనది క్రూరమగును, కారణము లేకయే కనబడినదానినెల్ల కరచును, దాని మొరుగు మారును, చొంగ కారును.

మరియొక విధమున, రోగము సోకిన కుక్క ఎవరిపైనను పడదు. చీకటి మూలలనుండును, దవడ వ్రేలాడును, మ్రింగలేదు. గొంతున ఎముక చిక్కినదని భ్రమించి యజమాని దాని నోట చేయి పెట్టును. మేత మాని, వికృతముగ అరచుచు, చొంగ కార్చు ఆవుల, గేదెల విషయమునను ఇట్లే పొరబడుట కలదు. అట్టి జంతువు నోట చేయి పెట్టరాదు, పశువైద్యుని పిలువవలెను.

అయినను కుక్క ఆరోగ్యముగ కనబడినదని ఉపేక్షింపరాదు. లక్షణములు పొడచూపుటకు కొన్ని దినములు ముందే చొంగలో వైరస్ చేరియుండును. కరచిన కుక్కను 10 దినములు కనిపెట్టి చూచుట అందులకే. చికిత్స మాత్రము అంతవరకు ఆగరాదు. గాయమును వెంటనే సబ్బుతో, ధారగా పారు నీటితో 15 నిమిషములు కడుగవలెను. కారము, పసుపు, సున్నము పూయరాదు. ఆనాడే ఆసుపత్రికి పోవలెను. చర్మములో వేయు టీకాలను మొదటి దినమునను, అటుపై 3, 7, 28వ దినములందును వేయుదురు. రక్తము వచ్చిన గాయమునకు ఇమ్యునోగ్లోబులిన్ కూడ అవసరము. పూర్వము పొట్టపై వేసిన సూదులు నేడు లేవు. టీకాలను భుజమునకే వేయుదురు.

రోగలక్షణములు కనబడిన పిదప మనుష్యుడు బ్రతుకుట మిక్కిలి అరుదు. సకాలమున పూర్తి చికిత్స పొందినచో ప్రాణభయముండదు. మీ పెంపుడు కుక్కలకు తప్పక టీకాలు వేయింపుడు.