రేచెర్లవారి వంశము



సూర్యాపేటకు సమీపమున పిల్లలమర్రి యను గ్రామము కలదు. అచటి ఎరకేశ్వర, నామేశ్వరాలయములను చూడబోయినవారు శిలాస్తంభముల నునుపును మెచ్చుకొని మరలుదురు. మొదటిసారి నేనును అట్లే మరలితిని. రెండవసారి పోయినపుడు శాసనముల యెదుట నిలిచి, ఈ రాళ్లను నిలిపినవారి సంతతి ఏమైనదని యోచించితిని. నేటి ప్రసంగమునకు ఆ ప్రశ్నయే మూలము.

ఇచటి శాసనములలో ఒకటి 1195లో కాకతి రుద్రదేవుని కాలమునను, మరియొకటి 1208లో గణపతిదేవుని కాలమునను వెలసినవి. కాకతీయులకు సామంతులై ఈ సీమ నేలినవారు రేచెర్ల రెడ్లు. 1213లో పాలంపేట రామప్ప దేవాలయమును కట్టించిన సేనాని రుద్రుడును రేచెర్లవాడే. ఆ యాలయము 2021లో ప్రపంచ వారసత్వ స్థలములలో చేరినది.

రేచెర్ల యను పేరెట్లు వచ్చెను? 1939లో నేలటూరి వెంకటరమణయ్యగారు పరిష్కరించిన వెలుగోటివారి వంశావళిలో ఒక కథ యున్నది. మిర్యాలగూడెమునకు చేరువనున్న ఆమనగల్లులో చెవ్విరెడ్డి యనువానికి పొలమున నిధి కనబడెనట. నరబలి లేనిదే అది దక్కదని తెలియగా, రేచడను సేవకుడు తన ప్రాణము నిచ్చుటకు సమ్మతించి, తన పేరు యజమాని వంశమునకు నిలువవలెనని కోరెనట.

కాకతీయ రాజ్యము 1323లో కూలిన పిమ్మట రేచెర్ల గోత్రపు వెలమ నాయకులు ప్రబలిరి. అనపోతానాయకుడు రాచకొండను, అతని తమ్ముడు మాదానాయకుడు దేవరకొండను ఏలిరి. సంస్కృతమున రసార్ణవసుధాకరమును రచించిన సింగభూపాలుడు ఈ వంశమువాడే. కాలక్రమమున రాచకొండ బహమనీల వశము కాగా, వారి సంతతి దక్షిణమునకు తరలెను. నెల్లూరు సీమలో వెంకటగిరి, ఉత్తరాంధ్రమున బొబ్బిలి వారి సంస్థానములైనవి. 1757 జనవరి 24న జరిగిన బొబ్బిలి యుద్ధమును ఎరుగని తెలుగువా డుండడు. ఆ వీరుల గోత్రము మన నల్లగొండ సీమ నుండి పోయినదని ఎరిగినవారు మాత్రము కొందరే.

పిల్లలమర్రి రెడ్లును రాచకొండ వెలమలును ఒకే కుదురువారా యను విషయమున పండితులలో ఏకాభిప్రాయము లేదు. వంశావళి ప్రభువులను పొగడుటకై పుట్టినది. శాసనము దానమును నిలుపుటకై చెక్కబడినది. రెండింటిని ఒకే త్రాసున తూచరాదు. నిధికథను నేను చరిత్ర యనను. అయినను ప్రభువులు తమ పుట్టుకను సూర్యచంద్రులకు ముడిపెట్టుకొను కాలమున, ఒక కుటుంబము తన పేరు సేవకుడు పెట్టిన భిక్ష యని చెప్పుకొనుట సామాన్యము కాదు.

1948 నాటి చట్టముతో మద్రాసు రాష్ట్రమున జమీందారీల రద్దు మొదలయ్యెను. కోటలు పోయినవి, పేష్కషులు పోయినవి. రేచని పేరు మాత్రము గోత్రమై నేటికిని పెండ్లిపీటలపై వినబడుచున్నది. పిల్లలమర్రికి పోయినపుడు స్తంభములను చూచిన కన్నులతోనే శాసనములను కూడ చూడుడని నా మనవి.