వెండితెర పక్కన పెట్టింది... బుల్లితెర పట్టం కట్టింది!

'అంకుర్' అనగానే షబానా ఆజ్మీ గుర్తొస్తుంది. అనంత్ నాగ్ గుర్తొస్తాడు. మరి ఆ ఇంటికి కాపురానికొచ్చి, పనిమనిషి లక్ష్మిని ఓరకంట అనుమానంగా చూసే కొత్త పెళ్ళికూతురు గుర్తుందా? ఆ అమ్మాయే ప్రియా టెండూల్కర్!

1974లో విడుదలైన ఆ చిత్రాన్ని శ్యామ్ బెనెగల్ తీసింది మన హైదరాబాద్ పరిసరాల్లోనే. ప్రియ తండ్రి ఎవరో కాదు, 'ఘాశీరాం కొత్వాల్' నాటకం రాసిన విజయ్ టెండూల్కర్. ఇంటిపేరు పెద్దదే. మరాఠీ చిత్రాల్లో మంచి వేషాలొచ్చాయి. 1980లో శంకర్ నాగ్ కన్నడంలో తీసిన 'మించిన ఓట'లోనూ నటించింది. కానీ హిందీ వెండితెర మాత్రం ఆమెను పక్క పాత్రలకే పరిమితం చేసింది.

ఎవరీ రజని?

1985లో కథ మారింది. దేశమంతా దూరదర్శన్ ఒక్కటే దిక్కుగా ఉన్న రోజులవి. 'రజనీగంధా', 'చిత్‌చోర్' చిత్రాల దర్శకుడు బాసు ఛటర్జీ 'రజని' సీరియల్ తీశాడు. రజని మామూలు ఇల్లాలు. తుపాకీ పట్టదు, ఫైటింగులు చెయ్యదు. గ్యాస్ సిలిండర్ దగ్గర మోసం జరిగితే "ఇదేం న్యాయం?" అని నిలదీస్తుంది. అంతే! సినిమాల్లో యాంగ్రీ యంగ్‌మాన్ చేసే పని, ఇక్కడ చీరకట్టుకున్న గృహిణి నోటితోనే చేసేసింది.

దెబ్బ ఎంత గట్టిగా తగిలిందంటే, ట్యాక్సీవాళ్ళ ఆగడాల మీద ఎపిసోడ్ రాగానే బొంబాయిలో డ్రైవర్లు దూరదర్శన్ కేంద్రం మీదికి ఊరేగింపుగా వెళ్ళారు! కల్పిత పాత్ర మీద నిజం మనుషులకు కోపమొచ్చిందంటే, ఆ నటికి అంతకన్నా అవార్డు ఏం కావాలి?

పేరు తెచ్చిన చిక్కు

అయితే ఒక చిక్కొచ్చింది. జనానికి ప్రియ కనబడటం మానేసింది, రజనే కనబడేది! పదేళ్ళకు పైగా సినిమాల్లో తిరిగినా రాని గుర్తింపు వచ్చింది... కానీ వేరే పేరుతో.

శాటిలైట్ చానల్స్ వచ్చాక, 1990లలో ఆమె టాక్ షో మొదలెట్టింది. దాని పేరేమిటో తెలుసా? 'ద ప్రియా టెండూల్కర్ షో'! తన పేరు తను తిరిగి తెచ్చుకుందన్నమాట. అక్కడా అదే నిలదీత. కాకపోతే ఈసారి డైలాగులు ఎవరో రాసిచ్చినవి కావు. మరాఠీలో కథలు రాసిన చెయ్యి కూడా ఆమెది.

2002 సెప్టెంబర్ 19న, నిండా 48 ఏళ్ళయినా రాకుండానే ప్రియ వెళ్ళిపోయింది.

బిల్లు మీద ఎక్కువ రాస్తే "ఎందుకు?" అని కౌంటర్ దగ్గర గట్టిగా అడిగే ఇల్లాలు ఇవాళ మనకు వింత కాదు. 1985లో వింతే! ఆ వింతను ఇంటింటికీ అలవాటు చేసింది మాత్రం... 'అంకుర్'లో మనం సరిగ్గా చూడని ఆ అమ్మాయే.