ఇంచ్‌కేప్ ప్రభువుల వంశబిరుదము

మట్టెవాడకు సముద్రము దూరమైనను ఓరుగల్లు దొరతనమునకు సముద్రవ్యాపారము దూరము కాలేదు. గణపతిదేవ చక్రవర్తి 1244లో మోటుపల్లి రేవున అభయశాసనము వేయించెను. గాలివానకు దరిజేరిన ఓడల సరకును పూర్వరాజులు బలిమిని గైకొనుచుండిరనియు, తాను నియతమైన సుంకము దక్క వేరేమియు గ్రహింపననియు అందు జెప్పెను. వర్తకులకు ఆ ప్రభు వొసగినది అభయము, వంశబిరుదము కాదు.

ఆరు శతాబ్దములకు పిమ్మట అదే తీరమున ఓడలు నడపిన స్కాట్లండు వర్తకులకు వారి రాజు బిరుదమునే ప్రసాదించెను. బ్రిటిషు ఇండియా స్టీము నావిగేషను కంపెనీని స్థాపించిన విలియం మెకినన్ 1889లో బారొనెట్ అయ్యెను. సంతానము లేమిచే 1893లో ఆ బిరుదము అతనితోనే అంతరించినది. అతని కంపెనీలో 1874లో కలకత్తాకు ఉద్యోగియై వచ్చిన జేమ్స్ లైల్ మెకే భాగ్యము వేరు. ఇతడు 1852లో ఆర్‌బ్రోత్ రేవుపట్టణమున జన్మించెను. 1911లో బ్యారన్, 1924లో వైకౌంట్, 1929లో ఎర్ల్ అయ్యెను. తన జన్మస్థానము చెంత సముద్రమున నున్న ఇంచ్‌కేప్ శిలపేరే బిరుదనామముగ గైకొనెను.

ఆయన కార్యదక్షుడు కాడని మే మనము. కాని ఆ దక్షత ఏ నీడన వర్ధిల్లెనో చూడవలయును. ఆయన కంపెనీకి ప్రభుత్వపు టపా కంట్రాక్టులుండెను. ఆయన రాజప్రతినిధి శాసనసభలోను, పిదప లండనులోని ఇండియా కౌన్సిలులోను సభ్యుడు. 1922-23లో భారత ప్రభుత్వ వ్యయమును తగ్గించు సంఘమునకు అధ్యక్షుడును ఆయనయే. ఇక 1906లో స్వదేశీ నౌకాకంపెనీని స్థాపించి ఆ కంపెనీతో పోటీపడిన చిదంబరం పిళ్ళకు 1908లో కారాగారము లభించెను! ఒక వర్తకునకు కిరీటచిహ్నము, వేరొక వర్తకునకు గానుగ. న్యాయ మెటువంటిదో పాఠకులే యూహింతురు గాక.

కాకినాడ, విశాఖపట్టణము, భీమునిపట్టణము, కళింగపట్టణము రేవులనుండి మేస్త్రీలకు ఋణపడి రంగము పోయిన మన కూలీలు ఆ ఓడల పైతట్టున ఎండకు వానకు నోర్చి ప్రయాణము చేసిరి. కోరంగి రేవు పేరిట బర్మావారు వారిని కోరంగీలనిరి. 1930 మే నెలలో రంగము రేవున కూలి పెంపునకై సమ్మె చేసిన తెలుగువారిలో పెక్కురు, పిదప చెలరేగిన అల్లరులలో ప్రాణములు గోల్పోయిరి. వారు చెల్లించిన చార్జీలును ఆ ఐశ్వర్యమున జేరినవే.

మొదటి ఎర్ల్ 1932లో గతించెను. బిరుదము కుమారునకును, 1939లో మనుమనికిని, 1994లో మునిమనుమనికిని సంక్రమించెను. 1999నాటి శాసనము వంశప్రభువులలో పెక్కుమందికి ప్రభువుల సభలో స్థానము లేకుండ జేసినను బిరుదనామమును ముట్టలేదు. మన దేశమునందో, నిజాము రాష్ట్రపు జాగీరులు 1949లో రద్దయ్యెను. 1950నాటి రాజ్యాంగపు 18వ అధికరణము సైనిక, విద్యా గౌరవములు దక్క ప్రభుత్వము బిరుదము లీయరాదని నిషేధించెను.

బిరుదములు మనకు వలదు. కాని ఒక కుటుంబపు నాలుగు తరముల పేర్లు గ్రంథములందు భద్రముగ నుండగా, రంగము పోయి మరలిరాని మనవారి పేర్లు ఎచటను లేకుండుట సిగ్గుచేటు. పెద్దలు జీవించియుండగనే వారి జ్ఞాపకములను ఊరూర వ్రాసి భద్రపరుచుట ఆంధ్రుల విధి.