ఇంజను ఆపితేనే కనిపిస్తాయి

పూరీ నుంచి సాతపడా సుమారు 50 కిలోమీటర్లు. పొద్దున్నే బయల్దేరి చిలికా సరస్సులో ఇరావడీ డాల్ఫిన్లను చూసి, సాయంత్రానికి పూరీ తీరం తిరిగాం.

ఈ డాల్ఫిన్ తల గుండ్రంగా ఉంటుంది, మూతి పొడుచుకు రాదు. ఇదీ తిమింగలాల జాతిదే. ఊపిరి కోసం పైకి రాక తప్పదు. నీళ్లలో శబ్దం సాయంతోనే దారీ తిండీ వెతుక్కుంటుంది. అందుకే పడవలు తరిమితే దానికి రెండు విధాలా కష్టం. దూరంగా ఇంజను ఆపించి కూర్చున్నాక, నాకు ముందు దాని ఊపిరి వినిపించింది, తర్వాత వీపు కనిపించింది. మీరూ అలాగే అడగండి.

శాస్త్రజ్ఞులు ఈ జాతిని మొదట వర్ణించింది 1852లో విశాఖపట్నం రేవులో దొరికిన డాల్ఫిన్‌ను బట్టే! పూరీలో పెంటకట జాలర్లూ తెలుగువాళ్లే. వెళ్తే పలకరించి రండి.