మీకు తెలుసా? బుడుగుకీ కృష్ణా డెల్టాకీ చుట్టరికం

అమెరికా పత్రికల్లో 1951లో ‘డెన్నిస్ ద మెనేస్’ అనే కార్టూన్ పిల్లాడి అల్లరి మొదలైంది. అయిదారేళ్లకే మనకూ ఓ పిడుగు దొరికాడు: బుడుగు. ముళ్లపూడి వెంకటరమణ రాత, బాపు గీత. కథంతా వాడే చెబుతాడు. ప్రైవేటు మేష్టారు మొదలు సీగానపెసూనాంబ దాకా అందరినీ వాడి కళ్లతోనే చూస్తాం. పిల్లాడి మాటను ఇంత నిజంగా పట్టుకున్న తెలుగు రచన నాకు మరొకటి కనబడదు.

బాపురమణలు గోదావరి వాళ్లే. కానీ బుడుగు అల్లరి చేసింది ఆంధ్రపత్రిక వారపత్రికలో. దాన్ని 1908లో బొంబాయిలో స్థాపించిన కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుది కృష్ణా డెల్టాలో పామర్రు దగ్గరి ఎలకుర్రు. అమృతాంజనం తయారుచేసిందీ ఆయనే. 1938లో కన్నుమూయడంతో బుడుగును మాత్రం చూడలేకపోయారు.